కర్బూజా మీద మచ్చ

సెప్టెంబర్ 4, సోమవారం

డబ్బాలు వచ్చేశాయి. చేతిలో కాఫీ అక్కడే వదిలేసి కిందకి పరిగెత్తాను. 'మామగారి కర్బూజా' అసలు నెగటివ్. 1956లో కెమెరాలోంచి వచ్చింది వచ్చినట్టే ఉంది. ఇన్నేళ్ళుగా ఎవరూ మూత తీయని రీళ్ళు. ఫ్రాన్సులో ఈ సినిమా పేరు తెలియనివాళ్ళు లేరు, సరిగ్గా చూసినవాళ్ళూ లేరు. అందరం చూసింది సినీ క్లబ్బుల్లో, చర్చి హాళ్ళలో తిప్పిన చిన్న సైజు ప్రింట్లే, లేదా వాటి నుంచి టీవీకి ఎక్కించిన కాపీలు. బొమ్మంతా గీతలు, గొట్టంలోంచి వస్తున్నట్టు గొంతులు. నేనూ అలాగే చూశాను, చిన్నప్పుడు కెంపెర్‌లో మా మేనత్త ఇంట్లో.

మూత తీసి వాసన చూస్తుంటే పక్క గదిలోంచి యామినా వచ్చింది. సౌండు పని మొత్తం ఆమెదే, బొమ్మ శుభ్రం చేసే పని నాది. "ముద్దు గాని పెట్టుకుంటావేమో, లిప్‌స్టిక్ తుడవాల్సింది కూడా నువ్వే" అంది.

క్రిస్మస్‌కి డిస్కు షాపుల్లో ఉండాలని బెర్త్రాం పట్టు. డిస్కులు వేసే కంపెనీ ఆయనది, మాట ఆయనది. అక్టోబర్ మధ్యకల్లా డిస్కులకి మూలప్రతి, అదే మాస్టరు, ఫ్యాక్టరీకి వెళ్ళిపోవాలి. వెళ్తుంది. ఈసారి దుమ్ము కణం కూడా మిగలనివ్వను. వసంతంలో మేం వేసిన ఇంకో సినిమా డిస్కు మీద ఒక పత్రికవాడు రాశాడు కదా, "ఈ బొమ్మను శుభ్రం చేసినవారికి ఎవరైనా కళ్ళజోడు కొనిపెట్టాలి" అని. నేను దాని గురించి ఆలోచించడం లేదు.

సెప్టెంబర్ 6, బుధవారం

కళ్ళ డాక్టరుకి చూపించుకున్నాను. కళ్ళు బాగానే ఉన్నాయట. ఊరికే వెళ్ళాను, ఆ పత్రికకీ దీనికీ సంబంధం లేదు.

సెప్టెంబర్ 13, బుధవారం

స్కానింగ్ అయింది. ఎక్కడ మొదలుపెట్టి రాయాలో తెలియడం లేదు. మామగారి మీసంలో రొట్టె పొడి కనిపిస్తోంది. అత్తగారి టోపీ మీద గుడ్డపువ్వులకి వేసిన కుట్లు కనిపిస్తున్నాయి. బల్ల మీద పరిచిన తెల్లగుడ్డకి ఇస్త్రీ మడతలు, దాని మీద కోసిపెట్టిన కర్బూజా. నోరూరింది నాకు. నలుపూ తెలుపూ బొమ్మలో కర్బూజాని చూసి నోరూరడమేమిటో.

భోజనం సీను మళ్ళీ మళ్ళీ చూశాను. పిల్లనడగడానికి వచ్చిన ఫెలిసియాన్ ఆదివారం పూట ఆరుబయట భోజనానికి కూర్చుంటాడు. మామగారు తన తోటలో పండిన కర్బూజా గురించి ఉపన్యాసం ఎత్తుకుంటాడు. ఆయన మొదటి ముక్క నోట్లో పెట్టుకునేదాకా ఎవరూ చెంచా ముట్టకూడదు, కదలకూడదు. ఫెలిసియాన్ బిగుసుకుపోయి కూర్చుని కళ్ళు మాత్రం తిప్పుతాడు. పళ్ళెం వైపు, గ్లాసు వైపు, పైకి, అత్తగారి టోపీ వైపు. దేన్నీ చూడడు. చివరికి మామగారు ఏ కారణమూ లేకుండా కెవ్వుమని లేచి బల్ల తిరగేస్తాడు. ఈ ఒక్క సీను మీద ప్రొఫెసర్ మోంబ్రూన్ పుస్తకమే రాశారు, 'శూన్యంతో భోజనం' అని. కాలేజీలో మేమంతా చదివినదే. ఫెలిసియాన్‌గా వేసిన అన్సెల్మ్ కాబ్రోల్ గురించి ప్రశ్న వస్తే "విషాద విదూషకుడు" అని రాయాలి, అలా రాస్తేనే మార్కులు పడేవి.

సినిమాలో మిగతాదంతా నవ్వే నవ్వు. ఈ సీనుకి మాత్రం నవ్వు రాదు. గొప్పగా ఉంటుంది, అంతే.

సెప్టెంబర్ 19, మంగళవారం

ఇవాళ ఒక దొంగని పట్టుకున్నాను. కర్బూజా మీద మచ్చ.

మిగతా దుమ్మంతా సాఫ్ట్‌వేరే తినేసింది, ఇది మాత్రం దానికి చిక్కలేదు. దుమ్ము అయితే ఒక ఫ్రేములో ఉండి పక్క ఫ్రేములో మాయమవుతుంది, యంత్రానికి ఇట్టే తెలిసిపోతుంది. ఇది అలా కాదు, ఉన్నచోటే కాసేపు ఉండి మెల్లగా జరుగుతుంది. కర్బూజా మీంచి చెంచా మీదకి, చెంచా మీంచి గ్లాసు అంచు మీదకి. దాని పైన వెంట్రుకలాంటి సన్నటి గీత ఒకటి. లెన్సుకి ఏదో అంటుకుని ఉంటుంది, లేదా ల్యాబులో ఎవడో పనికిమాలినవాడు నెగటివ్ మీద తుమ్మి ఉంటాడు. కంప్యూటర్ పెన్ను పట్టుకుని ఫ్రేము తర్వాత ఫ్రేము నేనే తుడిచాను. మెడ పట్టేసింది, వేళ్ళు కొంకర్లు పోయాయి. అయినా ఎంత హాయిగా ఉందో చెప్పలేను. తెల్లగుడ్డ మల్లెపువ్వులా ఉంది. ఇప్పుడు రాయమను ఆ పత్రికవాణ్ణి కళ్ళజోడు సంగతి.

సెప్టెంబర్ 20, బుధవారం

మచ్చ అత్తగారి టోపీ మీద కూడా ఉంది. మొండిఘటం. తుడిచేశాను.

సెప్టెంబర్ 21, గురువారం

కాబ్రోల్ ముక్కు మీద కూడా.

సెప్టెంబర్ 26, మంగళవారం

యామినా మొహం వెలిగిపోతూ వచ్చింది. "ఆ భోజనం సీనులో ఒక దిక్కుమాలిన రొద. గుయ్యిమని వస్తుంది, ఆగుతుంది, మళ్ళీ వస్తుంది. కరెంటు రొద అనుకుంటా. వారం రోజులుగా నా ప్రాణం తీస్తోంది."

"తీసేశావా?"

"తీసేయడమా, వేళ్ళతో సహా పీకేశాను. ఇప్పుడు సూది పడ్డా వినిపిస్తుంది."

నేను నా మచ్చ గురించి చెప్పాను, ఆమె తన రొద గురించి చెప్పింది. ఇద్దరం మెషీన్ కాఫీ కప్పులు తగిలించుకుని ఒకరినొకరు మెచ్చుకున్నాం. ఈ దేశంలో మమ్మల్ని మించిన పనిమంతులు లేరని తేల్చుకున్నాం. యామినా నవ్వితే నడవా చివరిదాకా వినబడుతుంది.

సెప్టెంబర్ 28, గురువారం

నేను నేల మీద లేను.

బెర్త్రాం, ప్రొఫెసర్ మోంబ్రూన్ ఇద్దరూ వచ్చి సినిమా అంతా చూశారు. ప్రొఫెసర్ గారు మెడకి చుట్టుకున్న శాలువా కూడా తీయకుండా ముందువరసలో కూర్చున్నారు. భోజనం సీను అయ్యేసరికి ఆయన కళ్ళు తుడుచుకుంటున్నారు. నా చేయి పట్టుకుని, "ఇంత నిర్మలమైన శూన్యం నేనెప్పుడూ చూడలేదు మేడమ్. ఇన్నాళ్ళూ ఆ ప్రింట్లలో ఏదో అడ్డం ఉండేది. మీరు తుడిచేశారు" అన్నారు. నాకు ఏడుపొచ్చినంత పనైంది.

డిస్కుతో పాటు ఇచ్చే చిన్న పుస్తకానికి ఆయన వ్యాసం అచ్చుకి వెళ్ళిపోయిందట. ఇక మిగిలింది ఒక్కటే, కాబ్రోల్ గారితో ఇంటర్వ్యూ. ఆయన బతికే ఉన్నారు, మెలాం దాటాక సేన్ నది ఒడ్డున ముసలి కళాకారులుండే నివాసంలో. ఈ సినిమా గురించి ఎవరు వెళ్ళినా మొహం మీదే తలుపేస్తారట.

"నువ్వెళ్ళు గిస్లేన్," అన్నాడు బెర్త్రాం. "నీ వాగుడు పడలేకైనా ఒప్పుకుంటాడు."

వెళ్తాను. ఆ భోజనం సీను పట్టుకెళ్ళి చూపిస్తాను. తన నటన ఎంత గొప్పదో ఆయన కూడా ఇంత శుభ్రంగా ఎప్పుడూ చూసి ఉండరు.

అక్టోబర్ 3, మంగళవారం

ఉన్నదున్నట్టు రాస్తాను.

కాబ్రోల్ గారు కిటికీ దగ్గర కూర్చుని చిన్న చాకుతో బేరిపండు చెక్కు తీస్తున్నారు. ఎనభై తొమ్మిదేళ్ళు. చెక్కు ఎక్కడా తెగకుండా పొడుగ్గా వేలాడుతోంది. నా వైపు చూడకుండానే, "సినిమా గురించైతే తలుపు నీ వెనకాలే ఉంది" అన్నారు.

"సినిమా గురించే. కానీ తలుపు బరువుగా ఉంది, మళ్ళీ తీయలేను" అన్నాను.

కొంచెం నవ్వారు. బేరిపండు ముక్క చాకు మొనకి గుచ్చి నాకిచ్చారు. ఎక్కడిదానివి, మీ నాన్న ఏం చేసేవాడు అని అడిగారు. కెంపెర్ అన్నాను, చేపల మార్కెట్లో అన్నాను. "అయితే మనిషివే. ఆ మోంబ్రూన్ పంపిన ప్రొఫెసరమ్మవేమో అనుకున్నా. అమ్మాయ్, ఆయన పుస్తకం చదివావా? నా కళ్ళల్లో ఏదో అగాధం ఉందిట. మా ఆవిడ చదివి, పెళ్ళైన కొత్తలో ఒక్కసారీ నాకు చెప్పలేదేం అని దెబ్బలాడింది."

నవ్వించాడు ముసలాయన. నేను ఇదే అదననుకుని సంచిలోంచి టాబ్లెట్ కంప్యూటర్ తీశాను. ఇది అసలు నెగటివ్ నుంచి, నేనే స్వయంగా శుభ్రం చేశాను, ఒక్క ఐదు నిమిషాలు చూడండి అన్నాను. 'అసలు నెగటివ్' అనగానే ఆయన చాకు కింద పెట్టారు.

"అసలుదా? చిన్న ప్రింటు కాదుగా?"

"కెమెరాలోంచి వచ్చినది."

ఒక కళ్ళజోడు మీద ఇంకోటి పెట్టుకుని దగ్గరికి జరిగారు. భోజనం సీను మొదలవకముందే ఆయన పెదాలు నవ్వుకి సిద్ధమయ్యాయి. మామగారు ఉపన్యాసం ఎత్తుకోగానే నా మోచెయ్యి పట్టుకుని, "ఇప్పుడు చూడు, ఇప్పుడు వస్తుంది" అన్నారు. తెర మీద ఫెలిసియాన్ కళ్ళు తిప్పడం మొదలుపెట్టాడు. పక్కనున్న ముసలాయన కళ్ళు కూడా అలాగే తిరుగుతున్నాయి, పళ్ళెం వైపు, గ్లాసు వైపు. కొంచెంసేపటికి ఆగిపోయాయి. నవ్వు కూడా పోయింది. మామగారు లేచి బల్ల తిరగేసేదాకా చూశారు.

"ఏదీ?" అన్నారు.

"ఏమిటి ఏదీ?"

"కందిరీగ."



ఆయన నా వైపు తిరగలేదు, చీకటైన టాబ్లెట్ వైపే చూస్తూ చెప్పుకుపోయారు. షూటింగులో సామాను చూసుకునే లూలూ అనే మనిషి బెండు ముక్కతో కందిరీగని చేశాడు. దానికి గుర్రపు వెంట్రుకలతో కాళ్ళు పెట్టాడు. పందిరి మీద బోర్లా పడుకుని, చేపలు పట్టే గాలం కర్రకి దారం కట్టి ఆడించాడు. ఎవరూ కదలకూడని బల్ల దగ్గర కందిరీగ. అదీ సీను. అది ముక్కు మీద వాలినా పిల్లనడగడానికి వచ్చినవాడు చెయ్యెత్తి తోలలేడు. "సినిమా పారిస్‌లో ఒక్క వారమే ఆడింది. ఆ వారం రోజూ వెళ్ళి హాలు వెనకాల నిలబడేవాణ్ణి. జనం కుర్చీల్లో దొర్లి దొర్లి నవ్వారు. తర్వాత పంపిణీ చేసే కంపెనీ మూతపడింది. పెద్ద ప్రింట్లు ఏమయ్యాయో, ఊళ్ళ మీదకి చిన్న ప్రింట్లు వెళ్ళాయి. వాటిల్లో కందిరీగ కనపడదు, వినపడదు. అక్కడ కందిరీగ ఉందని ఒక పత్రికవాడికి చెప్పాను. 'కాబ్రోల్‌ను కుట్టే ఆందోళన అనే కందిరీగ' అని రాశాడు. ఆ తర్వాత నోరు మూసుకున్నాను. నేను జనాన్ని నవ్వించానమ్మాయ్. పిచ్చివాడిలా గుడ్లు తిప్పలేదు."

ఆయన కళ్ళజోళ్ళు రెండూ తీసేశారు.

"కానీ నువ్వు అసలు నెగటివ్ అంటున్నావు," అన్నారు. "అందులో కూడా లేదంటే మరి... లూలూ పోయాడు. అందరూ పోయారు. నేనే ఊహించుకున్నానేమో. ఆ నవ్వు కూడా."

మచ్చ సంగతి చెప్పాలనుకున్నాను. మళ్ళీ వస్తానని మాత్రం అన్నాను. ఆయన సగం తిన్న పండు అలాగే వదిలేసి కిటికీలోంచి చూస్తున్నారు.

రైల్లో

ఆ మచ్చ. ఆ గీత. ఆ రొద.

యామినాకి ఫోన్ చేసి ఒకటే అడిగాను, పీకేసిన రొదని ఎక్కడైనా దాచావా అని. "నేనేం పారేయనమ్మా, మా అమ్మ పాత సీసా మూతలు కూడా దాస్తుంది, నాకూ అదే వచ్చింది" అంది. ఏమైందని అడిగింది. చెప్పలేక పెట్టేశాను.

అక్టోబర్ 4, బుధవారం

ఉంది. ఉంది. ఉంది.

పొద్దున్నే నేనింకా ఏమీ తుడవని ముడి స్కాన్ తెరిచాం. యామినా తన రొదని తెచ్చి పక్కన పెట్టింది. రెండూ కలిపి నడిపించాం. మచ్చ కర్బూజా మీద వాలింది, రొద ఆగింది. మచ్చ లేచింది, రొద మొదలైంది. పెద్దది చేసి చూస్తే వెంట్రుక కాళ్ళు, పల్చటి రెక్కలు. చెంచా మీద అది కాళ్ళు రుద్దుకుంటోంది. బెండు ముక్క కాళ్ళు రుద్దుకుంటోంది. ఆ లూలూ చేతుల్లో ఏం మహత్యం ఉందో.

ఇక ఫెలిసియాన్ మొహం. ఇన్నేళ్ళుగా నేను చూసిన ఆ మొహమే, ఒక్క కండరం మారలేదు. కానీ ఇప్పుడు చూస్తే పొట్ట పట్టుకుని నవ్వాలి. అది టోపీ మీద పువ్వుల్లో దూరినప్పుడు అత్తగారికి చెప్పాలా వద్దా అని ఆ కళ్ళు పడే అవస్థ. మాట పెదాల దాకా వచ్చి ఆగిపోవడం. యామినా కుర్చీలోంచి జారి నేల మీద కూర్చుండిపోయింది. నాకు డొక్కలో పట్టేసింది. చివర్లో అది మామగారి దగ్గరికి వెళ్తుంది. ఆయన కర్బూజా ముక్క నోట్లో పెట్టుకోబోయే సమయానికే వెళ్తుంది. కెవ్వుమని లేస్తాడు. కారణం లేకపోవడమేమిటి, నా మొహం.

నవ్వి నవ్వి అలసిపోయాక యామినా అంది, "మనం దీన్ని చంపేసి కాఫీ తాగి పండగ చేసుకున్నాం కదే."

కాబ్రోల్ గారికి వెంటనే ఫోన్ చేద్దామనుకున్నాను, ఆగాను. నోటిమాటగా చెప్తే ముసలాణ్ణి బుజ్జగిస్తున్నామనుకుంటారు. కంప్యూటర్‌లో బొమ్మ గీసి పెట్టామనుకున్నా అనుకుంటారు. పూర్తిచేసి చూపించాలి. పదిమంది మధ్యలో కూర్చోబెట్టి చూపించాలి. ఆయనకి కావాల్సింది కందిరీగ కాదు, ఆ నవ్వు.

తుడిచినదంతా వెనక్కి తెస్తున్నాను. ఎంత సంతోషంగా ఉందంటే నా మీద నాకు కోపం తెచ్చుకుందామన్నా రావడం లేదు.

అక్టోబర్ 6, శుక్రవారం

యుద్ధం.

బెర్త్రాం ముందు అర్థం కానట్టు చూశాడు, అర్థమయ్యాక జుట్టు పీక్కున్నాడు. "పుస్తకం అచ్చైపోయింది గిస్లేన్. అట్ట మీద 'శూన్యపు చూపు' అని బంగారు అక్షరాలు. వారంలో మాస్టరు వెళ్ళాలి. ఇప్పుడొచ్చి ఈగ అంటావేమిటి?"

"ఈగ కాదు, కందిరీగ."

ప్రొఫెసర్ మోంబ్రూన్ కాలు మీద కాలేసుకుని, "మేడమ్, అది మచ్చ. మబ్బుల్లో గుర్రాలు కనిపిస్తాయి, అలాగే ఇదీను" అన్నారు. నేను సీను వేశాను. చూశారు. మళ్ళీ వేయమన్నారు. మళ్ళీ చూశారు. శాలువా తీసి ఒళ్ళో పెట్టుకున్నారు.

"మామగారు లేచింది... అందుకా?" అన్నారు, బడిపిల్లాడి గొంతుతో.

"అందుకే."

"నేను దాని మీద ఒక అధ్యాయం రాశాను. వర్గ సంక్షోభం అని." పాపం అనిపించింది ఆయన్ని చూస్తే. అంతలోనే తేరుకున్నారు. "కానీ ఆలోచించండి, జనం ఇన్నేళ్ళుగా ప్రేమించింది కందిరీగ లేని సినిమాని. దాన్ని వాళ్ళ నుంచి లాక్కునే హక్కు మీకుందా?"

"జనం ప్రేమించింది పాడైపోయిన ప్రింటుని. అవతల ఒకాయన బతికుండి కూడా, తను నవ్వించిన రోజులు కలేమో అనుకుంటున్నాడు. ఆయన హక్కు సంగతేమిటి?"

బెర్త్రాం రాజీకొచ్చాడు. "రెండూ పెడదాం. కందిరీగతో ఒకటి, లేకుండా ఒకటి. చూసేవాడి ఇష్టం."

అక్కడ నాకు తిక్క రేగింది. కందిరీగ లేకుండా వేస్తే నా పేరు తీసేయండి, యామినా పేరు కూడా తీసేయండి, అట్ట మీద బంగారు అక్షరాలతో శూన్యం అని రాసుకుని శూన్యమే అమ్ముకోండి అన్నాను. యామినా పేరు ఎందుకు తీయమన్నానో నాకే తెలియదు, ఆమెని అడగలేదు కూడా. పక్కనే కూర్చున్న యామినా తలూపింది. సీను ఇంకా తెర మీద నడుస్తూనే ఉంది. బెర్త్రాం కాఫీ గుక్క పడుతూ అటు చూశాడు, సరిగ్గా అది ఫెలిసియాన్ ముక్కు మీద వాలిన సమయానికి. కాఫీ ఆయన ముక్కులోంచి వచ్చింది.

చొక్కా తుడుచుకుంటూ, "సరే, కందిరీగే" అన్నాడు.

అక్టోబర్ 9, సోమవారం

దారం గురించి నాకూ యామినాకూ పేచీ. ఇంత శుభ్రమైన స్కాన్‌లో గాలం దారం కనిపిస్తోంది. కెమెరా ముందు ఉన్నదాన్ని ముట్టుకోకూడదన్నది మా పనిలో నియమం. ఇప్పుడే ఒకటి ముట్టుకుని చేతులు కాల్చుకున్నదాన్ని. కానీ ఆ రోజుల్లో హాల్లో కూర్చున్నవాళ్ళకి దారం కనపడలేదు, కందిరీగ కనపడింది. ఇంట్లో టీవీ ముందు కూర్చునేవాళ్ళకి దారం కనిపిస్తే ఇక నవ్వరు, దారాన్నే చూస్తారు.

"అయితే తుడువు, నీకు చేతులు దురద పెడుతున్నాయి" అంది యామినా.

తుడిచాను. ఒక్క దారమే. ఇది వేరు.

ప్రొఫెసర్ గారు కొత్త వ్యాసం పంపారు, పుస్తకంలో విడికాగితంగా పెట్టమని. పేరు 'శూన్యానికి రెక్కలు'. కందిరీగ వల్ల శూన్యం ఇంకా లోతైందట. బెర్త్రాం ఫోన్లో చదివి వినిపిస్తుంటే నవ్వు ఆపుకోలేకపోయాను. అయినా చివరి పేరాలో, తాను ఆ సీనుకి మొదటిసారి నవ్వానని ఒప్పుకున్నారు.

అక్టోబర్ 13, శుక్రవారం

మాస్టరు వెళ్ళిపోయింది. పదమూడో తారీకు శుక్రవారం అపశకునం, పంపొద్దని యామినా ఒకటే గొడవ. పంపేశాను.

ఆ పత్రిక చందా మానేశాను. ఎందుకు రాస్తున్నానో దీన్ని.

అక్టోబర్ 22, ఆదివారం

ఇప్పుడే ఇంటికొచ్చాను. బూట్లు కూడా విప్పలేదు. మరిచిపోకముందే రాయాలి.

ఫ్యాక్టరీ నుంచి వచ్చిన పరీక్ష డిస్కు పట్టుకుని నేనూ యామినా మెలాం వెళ్ళాం. భోజనాలయ్యాక నివాసంలోని టీవీ గదిలో చూపిస్తామని ముందే అడిగి పెట్టుకున్నాను. ముసలి నటులు, పాటగత్తెలు, సర్కస్‌లో చేసిన ఒకాయన, అందరూ వచ్చి సోఫాల్లో సర్దుకున్నారు. కాబ్రోల్ గారు గుమ్మం దగ్గరే ఆగిపోయారు.

"ఉంది" అన్నాను చెవిలో.

"ఏం ఉంది?"

"మీరు ఊహించుకోలేదు. దాన్ని తుడిచేసింది నేను. మచ్చ అనుకుని నా చేత్తో నేనే తుడిచాను. ఇప్పుడు వెనక్కి తెచ్చాను."

ఆయన చాలాసేపు నా మొహంలోకి చూశారు. తిడతారనుకున్నాను. తిట్టలేదు, నమ్మినట్టూ లేదు. లోపలికి వచ్చి ఒక కుర్చీ లాక్కుని టీవీ పక్కనే వేసుకున్నారు, తెరకి వీపు పెట్టి, జనం వైపు మొహం పెట్టి.

"మీకు కనపడదు కదా" అంది యామినా.

"నాకు తెలిసిన సినిమానేగా. నేను వీళ్ళని చూస్తాను."

సినిమా మొదలైంది. బాగానే నవ్వుతున్నారు. టోపీ గాలికి ఎగిరినప్పుడు నవ్వారు, మేక కోటు తినేసినప్పుడు నవ్వారు. కాబ్రోల్ గారు నవ్వలేదు. చేతులు రెండూ మోకాళ్ళ మీద పెట్టుకుని ఒక్కొక్క మొహాన్నే చూస్తున్నారు. భోజనం సీను వచ్చింది. మామగారు కర్బూజా కోసి నోరు తెరిచాడు.

ఎవరూ నవ్వలేదు.

గుయ్యిమని రొద మొదలైంది. ఇద్దరు ముగ్గురు తలలెత్తి పైకి చూశారు. ఒకామె చెవిలో మిషన్ సర్దుకుంది. కందిరీగ కర్బూజా మీద వాలింది, లేచింది, చెంచా మీదకి వెళ్ళింది. కాబ్రోల్ గారి భుజాలు కొంచెం కిందకి దిగాయి. యామినా నా చెయ్యి పట్టుకుని గోళ్ళు దింపేసింది.

ముందు సోఫాలో మదాం రావనెల్ కూర్చుంది. ఒకప్పుడు ఒపెరాలో కోరస్ పాడేదట. ఇప్పుడు కూడా ఎవరైనా చెంచా చప్పుడు చేస్తే వెనక్కి తిరిగి చూసే మనిషి. ఆమె అటూ ఇటూ చూసింది, విసుగ్గా ఏదో గొణిగింది. ఒళ్ళో ఉన్న టీవీ పత్రికని గట్టిగా చుట్టింది. లేచింది. ఆ చుట్టిన పత్రిక పైకెత్తి తిన్నగా కాబ్రోల్ గారి మీదకే నడిచింది. ఆయనకి తన వెనక తెర మీద ఏమవుతోందో తెలియదు కదా, బెదిరిపోయి రెండు చేతులూ తల మీద అడ్డం పెట్టుకున్నారు. ఆమె ఆయన్ని దాటి వెళ్ళి టీవీ మీద ఫట్‌మని కొట్టింది. అత్తగారి టోపీ మీద.

ఒక్క క్షణం ఎవరికీ ఏమీ అర్థం కాలేదు. తర్వాత సర్కస్ ఆయన మొదలుపెట్టాడు. ఆయన పక్కనామె, ఆమె పక్కనాయన, తర్వాత గదంతా. తెర మీద కందిరీగ తాపీగా పువ్వుల్లోంచి బయటికొచ్చి ఫెలిసియాన్ ముక్కు వైపు బయల్దేరింది, గది ఇంకా గట్టిగా అరిచింది. ఒకాయన కర్ర కింద పడేసుకున్నాడు. చెవిలో మిషన్ ఉన్నామె కళ్ళ వెంట నీళ్ళు. వంటగదిలోంచి ఆప్రాన్లతో ఇద్దరు పరిగెత్తుకొచ్చి ఏమైందని అడుగుతున్నారు, ఎవరూ చెప్పలేకపోతున్నారు. కాబ్రోల్ గారు చేతులు దించారు. ఆ నవ్వు వింటున్నారు. నోరు కొంచెం తెరుచుకుని ఉంది, కళ్ళు ఒక మొహం మీంచి ఇంకో మొహం మీదకి వెళ్తున్నాయి. నేను ఏడ్చేశాను, యామినా కూడా.

మదాం రావనెల్ పత్రిక చేతిలో పట్టుకుని వెనక్కి తిరిగింది. అందరూ తనని చూసి నవ్వుతున్నారని మొహం ఎర్రబడింది.

"చచ్చిందా లేదా?" అంది కోపంగా.

"లేదు మేడమ్," అన్నారు కాబ్రోల్ గారు. "అది ఇంకా మామగారి దగ్గరికి వెళ్ళాలి. కూర్చోండి, చూద్దాం."

ఆమెకి తన పక్కన చోటు చూపించి, కుర్చీని టీవీ వైపు తిప్పుకున్నారు.